సకురామోచీ ఆకు తినాలా, తీసేయాలా?

వసంత (టోక్యో): మార్చి 3న ఆడపిల్లల పండుగ హీనామత్సురికి పాపతో కలిసి మొదటిసారి ఇంట్లో సకురామోచీ అనే జపాన్ మిఠాయి చేశాను. లేత గులాబీ రంగులో చిన్న అట్టు, మధ్యలో అజుకీ అనే చిన్న ఎర్ర గింజల పూర్ణం, పైన ఉప్పులో ఊరిన చెర్రీ ఆకు. పాప ఆకుతో సహా కొరికి, ఉప్పు అంటూ ఊసేసింది. మా ఆయన మాత్రం ఆకు తీసేస్తే ఇక ఏం మిగిలింది అంటారు. పక్కింటి పెద్దావిడేమో ఆకు విప్పి పక్కన పెట్టి తింటారు. మీ ఇళ్లల్లో ఎలా తింటున్నారు?

ఒసాకా కోడలు: తినాల్సిందేనండి. మా వైపు చేసేది మీ అట్టు రకం కాదు, దోమ్యోజీ రకం. జిగురు బియ్యాన్ని ఆవిరిపై ఉడికించి, ఎండబెట్టి, రవ్వలా విసురుతారు. ఈ రవ్వకి ఒసాకా దగ్గర ఫుజీయిదేరాలో ఉన్న దోమ్యోజీ గుడి పేరే వచ్చింది. దాన్ని మళ్లీ ఉడికించి ఉండ చేసి ఆకు చుడితే, ఆకు ఆ జిగురుకి అతుక్కుపోతుంది. పీకితే మెతుకులు కూడా దాంతోనే వచ్చేస్తాయి. మా అత్తగారు ఆకుతోనే చేతికిస్తారు, అలాగే తింటాం. తీపి పూర్ణం మీద ఆ ఉప్పు తగలకపోతే రెండోది తినబుద్ధి కాదు.

సుమిదా తీరం: నేను ఒప్పుకోను. సుమిదా నది ఒడ్డున ముకోజిమాలో చోమెయిజీ గుడి ఉంది. ఆ గుడి కాపలాదారు యమమోతో షిన్‌రోకు రాలిన చెర్రీ ఆకులు ఊడ్చి ఊడ్చి విసిగిపోయి, వాటిని ఉప్పులో ఊరబెట్టి 1717లో ఈ మిఠాయి మొదలుపెట్టాడని చెబుతారు. ఆయన పెట్టిన దుకాణం ఇప్పటికీ ఉంది. ఒక్కో మోచీకి ఒకటికి మించి ఆకులు చుట్టి ఇస్తారు, తీసేసి తినమనే వాళ్ల సలహా. ఆకు పని వాసన పట్టించడం, అట్టు ఎండిపోకుండా కాపాడడం. మన కోనసీమలో పొట్టిక్కలకి పనసాకు బుట్ట కుడతారు కదా, బుట్టని ఎవరైనా తింటారా?

ఒసాకా కోడలు: పనసాకుని ఎవరూ నెలల తరబడి ఉప్పులో ఊరబెట్టరు కదండీ! మే 5న ఓక్ ఆకు చుట్టి చేసే మిఠాయి కషివామోచీ ఆకుతో పోల్చండి, ఒప్పుకుంటాను. అది తోలులా ఉంటుంది, ఎవరూ తినరు. సకురామోచీకి వాడేది ఒషిమా చెర్రీ లేత ఆకు. ఇజు ద్వీపకల్పంలో మత్సుజాకి ఊళ్లో దీని కోసమే చెట్లు పెంచి, కోసిన ఆకుల్ని కట్టలు కట్టి పెద్ద పీపాల్లో ఊరబెడతారు. పచ్చి ఆకు నలిపి చూడండి, పెద్దగా వాసనే ఉండదు. ఉప్పులో ఊరాకే కూమరిన్ అనే వాసన పదార్థం విడుదలై ఆ పరిమళం వస్తుంది. అంత శ్రమపడి తయారుచేసినదాన్ని చెత్తబుట్టలో వేయడానికి నాకు మనసొప్పదు.

పూర్ణం పాకం: వసంత గారూ, అసలు సంగతి నానబెట్టడంలో ఉందనిపిస్తోంది. ఆకుల్ని ఎంతసేపు నీళ్లలో ఉంచారు? కొన్న ప్యాకెట్ ఆకుల్ని ఒకసారి కడిగి చుట్టేస్తే పెద్దవాళ్లకే ఉప్పు కొడుతుంది. నేను నీళ్లు మార్చి అరగంట ఉంచుతాను. మధ్యలో చిన్న ముక్క తుంచి నాలుక మీద పెట్టి చూస్తాను. మరీ ఎక్కువసేపు ఉంచితే వాసన కూడా నీళ్లలో పోతుంది. కాడ కత్తిరించి, తేమని గుడ్డతో అద్ది, ఈనెలు పైకి కనిపించేలా చుడతాను. ముదురు ఆకైతే తీసేయమని నేనే చెబుతాను, పిల్లలకి ఆ ఈనె నోట్లో నలగదు. కూమరిన్ ఎక్కువైతే కాలేయానికి మంచిది కాదు. ఒకటీ రెండూ తింటే టెన్షన్ అక్కర్లేదు గానీ, ప్యాకెట్ అంతా నంజుకోకండి.

సుమిదా తీరం: అరగంట నానబెడితే తినొచ్చు, కాదనను. కానీ చుట్టిన గంట తర్వాత ఆకు విప్పి, అట్టు ఒక్కటే వాసన చూడండి. ఆకు ఇవ్వాల్సింది అప్పటికే ఇచ్చేసి ఉంటుంది. ఉప్పు నోరంతా కమ్మేస్తే ఆ సున్నితమైన వాసన తెలియదు.

వసంత (టోక్యో): నేను పది నిమిషాలే ఉంచానండి, తప్పు నాదే. మిగిలిన ఆకుల్ని నిన్న అరగంట నానబెట్టి మళ్లీ చేశాను. ఈసారి దోమ్యోజీ రవ్వతో. పాప ఆకు అంచు నుంచి కొరుక్కుంటూ వెళ్లి మధ్య ఈనె దగ్గర ఆగింది, ఆ ఈనె ఒక్కటే పళ్లెంలో వదిలేసింది. పక్కింటి పెద్దావిడకి రెండు ఇచ్చాను. ఆవిడ ఆకు విప్పబోతే మెతుకులు అంటుకుని వచ్చాయి. మళ్లీ చుట్టి, అలాగే తిన్నారు.

ఒసాకా కోడలు: ఆవిడకి ఎలా అనిపించిందో అడిగి చెప్పండి!