వజ్రంలో నిద్రపోయిన పిల్లను ఎప్పుడు లేపాలి? నవలకు సలహా కావాలి

పత్తికొండ_కుర్రోడు:
అందరికీ నమస్కారం. ఒక ఫాంటసీ నవల రాస్తున్నా, సగం దాకా వచ్చి ఇరుక్కుపోయా. కథ 1876లో, ధాత కరువులో మొదలవుతుంది. జొన్నగిరి పక్క పల్లెలో ఒక తల్లి, తొమ్మిదేళ్ల కూతురు, ఇంట్లో గింజ లేదు. ఆ ఊళ్లో ‘కట్టు’ విద్య తెలిసిన ముసలాయన ఒకడుంటాడు. ప్రాణం పోకముందే మనిషి తెలివిని ముడి వజ్రంలోకి దించి కట్టేస్తాడు. ఒంటిని బెలుం లాంటి సున్నపురాతి గుహలో పడుకోబెడితే అది చెడదు, పెరగదు. వానలు పడ్డాక కట్టు విప్పాలని మాట. కానీ తల్లి కరువులోనే పోతుంది, వజ్రం చేనిమట్టిలో కలిసిపోతుంది. మన కాలంలో, తొలకరి పడగానే తుగ్గలి, జొన్నగిరి చేలల్లో వజ్రాలు వెతికేవాళ్లలో ఒకామెకు దొరుకుతుంది.

ఇన్నేళ్లూ లోపల ఆ పిల్లకు తెలుస్తూ ఉంటుందా? తెలుస్తుంది అంటే కథకు బరువు వస్తుందేమో గానీ, అంత చిన్న పిల్ల నూట యాభై ఏళ్లు చీకట్లో ఒక్కతే మేలుకొని ఉందని రాయడానికి నాకు చెయ్యి రావట్లేదు. ఇంకోటి, వజ్రం దొరగ్గానే కట్టు విప్పేస్తే టెన్షన్ ఏముంటుంది? ఏదో ఒక అడ్డు కావాలి.

కర్నూలు_సిస్టర్:
తమ్ముడూ, తెలియకూడదు. గుండె దగ్గరి పెద్ద రక్తనాళానికి ఆపరేషన్ చేసేటప్పుడు కొంతమందికి ఒంటిని 18 డిగ్రీల దాకా చల్లబరిచి రక్తం పారడమే కాసేపు ఆపేస్తారు. ఆ సేపు గుండె కొట్టుకోదు, మెదడు కరెంటు చూపించే గీత సాపుగా ఉంటుంది. మళ్లీ వేడి చేసి లేపితే మనిషి తన పేరు, పిల్లల పేర్లు, ఎవరికి ఎంత బాకీ ఉన్నాడో అన్నీ చెబుతాడు. అంటే పాత జ్ఞాపకం ఆ నడిచే కరెంటులో లేదు, మెదడు కణాల మధ్య అల్లికలో ఉంది. అల్లిక చెడకపోతే మనిషి ఉన్నట్టే, మధ్యలో పోయిన కాలం మాత్రం ఆ మనిషికి లేనే లేదు. నీ పిల్లకు కూడా కళ్లు మూసిందీ తెరిచిందీ ఒకదాని వెంట ఒకటే.

అయితే ఆకలి కూడా అదే ఆకలి. లేవగానే సంగటి ముద్ద, పప్పు కడుపునిండా తినిపించే సీన్ మాత్రం దయచేసి రాయొద్దు. చాన్నాళ్లు తిండి లేక ఎండిన ఒంటికి ఒక్కసారిగా పెడితే రక్తంలో ఫాస్ఫేట్ పడిపోయి గుండె ఆగిపోవచ్చు. పలచటి రాగి అంబలి, చెంచాతో, కొంచెం కొంచెంగా. పిల్ల ఇంకా కావాలని గిన్నె పట్టుకుని లాగుతుంది, పెట్టే ఆమె ఏడుస్తూనే ఆ గిన్నె వెనక్కి తీసుకోవాలి. ఆ పేజీ బాగా రాయి.

వజ్రకరూరు_బావ:
సిస్టర్ చెప్పిన అల్లిక మాటే రాయికీ వర్తింపజేయండి. వజ్రం అంటే కార్బన్ పరమాణువుల అల్లికే కదా. దానికి చావు లేదనుకుంటారు గానీ గాలి తగులుతూ 800 డిగ్రీలు దాటితే కాలిపోతుంది, బంగారం కరిగే వేడి అంతకన్నా ఎక్కువ. అసలు భయం సాన పట్టడం. ముడిరాయిని కోసి మెరుగు పెడితే సగం బరువు దాకా పొడిగా పోతుంది. దొరికినామె అప్పుల్లో ఉందనుకోండి, వ్యాపారి గుట్టుగా వచ్చి రేటు కట్టాడనుకోండి, అమ్మితే బాకీ తీరుతుంది, రాయి కోతకు పోతుంది, పిల్ల జ్ఞాపకాల్లో సగం పొడైపోతాయి. వాళ్లమ్మ ముఖమే పోవచ్చు.

తుంగభద్ర_ఒడ్డు:
నేను మంత్రాలయం దగ్గర పుట్టి పెరిగాను కాబట్టి వేరేగా ఆలోచిస్తాను. రాఘవేంద్రస్వామి 1671లో బృందావన ప్రవేశం చేశారు. చేతిలో జపమాల కదలడం ఆగాకే పై బండలు పెట్టమన్నారని మా వైపు చిన్నపిల్లలు కూడా చెబుతారు, ఏడు వందల ఏళ్లు అందులోనే ఉంటారని మా నమ్మకం. అక్కడ లోపల మెలకువ ఉంది, అయినా అది చెర కాదు, ఎందుకంటే స్వామి తనంత తాను వెళ్లారు, దాని వెనక అంత సాధన ఉంది. పసిపిల్లకు అది లేదు, కాబట్టి ఆమె నిద్రపోవాల్సిందే. కానీ అన్నా, ఆ పిల్లను ఎవరైనా అడిగారా? మీ కథలో ముసలాయన, తల్లి మాట్లాడుకుని కట్టేసినట్టుంది. తనంత తాను వెళ్లడం వేరు, పంపించడం వేరు. తొమ్మిదేళ్ల పిల్లకు అర్థమయ్యేలా ఆ తల్లి ఏం చెప్పిందో నాకు చదవాలని ఉంది.

అడ్డు గురించి అడిగారు కదా, అది మీ కరువు పేరులోనే ఉంది. ధాత నామ సంవత్సరం అరవై ఏళ్లకోసారే వస్తుంది. ఏ సంవత్సరంలో కట్టారో ఆ సంవత్సరంలోనే విప్పాలని పెట్టండి. 1936 పోయింది, 1996 పోయింది, ఇక 2056.

పత్తికొండ_కుర్రోడు:
అక్కా, అన్నలారా, రాత్రంతా దీని గురించే ఆలోచించా. 2056 ఖాయం చేశా. రాయి దొరికినామెకు ఇప్పుడు నలభై దాటాయి, అంటే డెబ్బై దాటేదాకా ఆ రాయిని అమ్మకుండా, కోతకు పోనివ్వకుండా, ఎవరికీ చెప్పకుండా దాచుకోవాలి, మధ్యలో ఎన్నిసార్లు పంట పోయినా సరే. రెండో సగమంతా ఆమె కథే అవుతుంది. వజ్రం ఎన్ని క్యారెట్లు అన్నది ఇక నాకు ముఖ్యం కాదు.

తల్లి పిల్లను అడిగే చోటు కూడా రాశా. “వాన పడ్డాక లేపుతా” అంటుంది, పిల్ల “నువ్వే లేపుతావా?” అని అడుగుతుంది. తల్లి ఏం జవాబు చెప్పాలో ఇంకా తేలలేదు, అబద్ధం మాత్రం చెప్పించను.

ఒక సాయం చేయండి. ధాత కరువులో ఏ ఆకులు, ఏ గడ్డలు ఉడకేసుకుని తిన్నారో, గంజి కోసం ఎంత దూరం నడిచారో మీ ఇళ్లల్లో పెద్దవాళ్లు చెప్పుకున్న మాటలు ఏవైనా గుర్తుంటే ఇక్కడ రాయండి. పత్తికొండ, ఆలూరు, గుత్తి వైపువి అయితే ఇంకా మంచిది.