ముంగిట ముత్యమా, ముంగిటి ముత్యమా?

చంద్రగిరి నుంచి:
కోట కింది ఊళ్లో మిగిలిన పాత ఇళ్ల పటాల్లో ఒక్కో భాగానికి పేరు రాయాలి. గడప బయటి చోటు ముంగిలా, వాకిలా? ఆ మాట తలచుకోగానే అన్నమయ్య పాట పట్టుకుంది. "ముద్దుగారే యశోద ముంగిట ముత్యము" అనా, "ముంగిటి" అనా?

పుత్తూరు నుంచి:
"ముంగిటి" అండీ. వాకిలి–వాకిటి, రోలు–రోటి లాంటిదే, ఔపవిభక్తికం (విభక్తికి ముందు మాట చివర వచ్చే మార్పు). "ముంగిట" అంటే ముత్యం అక్కడ పడివుందని మాత్రమే. "ముంగిటి" అంటే ఆ ముంగిలి సొత్తు అని. పాడేవాళ్లు "ట" అనేస్తే యశోద చేతిలోంచి బిడ్డను తీసేసినట్టే.

కుప్పం నుంచి:
"టి" సరే, అసలు ముంగిలిలో "గి" ఎక్కడిది? తమిళంలో మున్ఱిల్, అంటే మున్+ఇల్ (ముందు+ఇల్లు). గకారమే లేదు. కన్నడ బాగిలులో ఉంది, మన వాకిలిలో కకారంగా ఉంది. కాబట్టి ఇది వాకిలి తోక. మున్+కిలి, ద్రుతం (చివరి నకారం) మీద పరుషం (క) సరళం (గ) అయింది.

చిత్తూరు నుంచి:
అయితే లోగిలి విషయంలో లోన్+కిలి కూడా ఒప్పుకోవాలి. దీర్ఘం మీద నిండుసున్న నిలవదు గనక లోఁగిలి, అరసున్నతో. పటంలో అరసున్న పెట్టి తీరాలి.

పలమనేరు నుంచి:
అరసున్న కన్నా ముందు బాణం గుర్తు ఎక్కడ పెడుతున్నారో చూడండయ్యా. లోగిలి అంటే ఇల్లంతా. నడిమి ఖాళీని కోస్తా వాళ్లు మండువా అంటారు. మనకు ఆనుకున్న కన్నడంలో తొట్టిమనె, తమిళంలో తొట్టికట్టు వీడు, కాబట్టి ఇక్కడ "తొట్టి" అనే రాయడం న్యాయం. నాలుగు వైపుల కప్పు వాలుల నీళ్లూ దాంట్లోకే దిగి తూము గుండా బయటికి పోతాయి. వాలులు కలిసే మూలల్లో మూలవాసం ఉంటుంది. రెండు వాలుల నీళ్లూ దాని మీదుగానే పోవాలి గనక కప్పు మొదట కారేది అక్కడే. పెంకు మీద పెంకు చాలినంత ఎక్కకపోయినా, ఆకులు పేరుకున్నా నీళ్లు ఎదురెక్కి వాసం పుచ్చుతుంది. ఆ మూలను సిమెంటుతో పూడ్చేవాళ్లున్నారు. కొయ్య వానకు ఉబ్బుతుంది, ఎండకు కుంచించుకుంటుంది, సిమెంటు కదలదు. సందు విచ్చుకుని మళ్లీ కారుతుంది. సున్నపు గోడకు సిమెంటు పూత వేస్తే ఇంకా చేటు. తేమ బయటికి రాలేక గోడలో దిగిన దూలం కొన లోలోపలే కుళ్లుతుంది, కిందనుంచి చూస్తే తెలియదు.

ఇంకో మాట, మంగళూరు పెంకు చూసి ఇంటి వయసు కట్టకండి. ఆ ఫ్యాక్టరీ పెంకు 1860ల్లో మొదలైంది. నాటు పెంకు దించి అది వేసిన ఇళ్లు ఉంటాయి, గోడలు అంతకన్నా పాతవి కావచ్చు.

చంద్రగిరి నుంచి:
కోటలో రాజమహల్‌కు ఈ బాధ లేదు. రాయి, ఇటుక, సున్నం తప్ప కలపే వాడలేదు. ఊరి ఇళ్ల ప్రాణమంతా కలపలోనే.

శ్రీకాళహస్తి నుంచి:
పాట దగ్గరికి వస్తే, ముంగిటి ముత్యం ముగ్గు చుక్క కావచ్చు కదా? కళ్లాపి చల్లిన నేల మీద తెల్లటి చుక్క.

పుత్తూరు నుంచి:
ఊహ అందంగా ఉందక్కా, పాట ఒప్పుకోదు. తర్వాత అరచేతి మాణిక్యము, కంసుని పాలి వజ్రము వస్తాయి. రత్నాల వరసలో మొదటిది ముత్యం. ఆ వరసలో చుక్క ఇమడదు. యశోదకు ముంగిటి ముత్యం, గొల్లెతలకు అరచేతి మాణిక్యం, కంసుడికి వజ్రం. ఎవరికి తగ్గ రాయి వాళ్లకు ఇచ్చాడు, అందులోనూ తల్లికి మెత్తని మెరుపున్నది. అన్నమయ్యను ఇందుకే మళ్లీ మళ్లీ చదవాలి.

చిత్తూరు నుంచి:
లోఁగిలికి అరసున్న సంగతి ఎవరూ తేల్చలేదు.

కుప్పం నుంచి:
కిలి అనే మాట విడిగా ఉందని చూపించండన్నా, అప్పుడు అరసున్న పెడదాం. వాకిలిలోనే అది వా+కిలి కాదు, వాయి (నోరు)+ఇల్ అయితే మీ లోన్+కిలి నిలవదు.

చిత్తూరు నుంచి:
అప్పుడు మీ మున్+కిలి కూడా నిలవదు.