12 వోల్టుల లైట్ల ట్రాన్స్‌ఫార్మర్ నిజంగా పాడైందో లేదో ఎలా తేల్చుకోవాలి?

మియాపూర్ నివాసి:
నమస్కారమండీ. మా హాలు ఫాల్స్ సీలింగులో 50 వాట్ల హాలోజన్ లైట్లు నాలుగు, ఒకే ఎలక్ట్రానిక్ ట్రాన్స్‌ఫార్మర్ మీద నడుస్తున్నాయి. వేసిన అరగంటకు అన్నీ ఒక్కసారిగా ఆరిపోయి, కాసేపటికి వాటంతట అవే వెలుగుతున్నాయి. లైట్లు తీసి మల్టీమీటరు పెడితే ఒకసారి 4 వోల్టులు, మరోసారి 7 చూపిస్తోంది. ట్రాన్స్‌ఫార్మర్ పోయిందని ఎలక్ట్రీషియన్ అంటున్నారు. కొత్తది కొనే ముందు అనుభవజ్ఞుల మాట వినాలనుకుంటున్నాను.

రాణిగంజ్ వైండింగ్ మేస్త్రీ:
మీటరులో కనబడిన అంకెను బట్టి దాన్ని పారేయకండి. ఎలక్ట్రానిక్ ట్రాన్స్‌ఫార్మర్ నుంచి వచ్చేది మన ఇంటి కరెంటులాగా 50 హెర్ట్జ్‌ది కాదు, పదుల కిలోహెర్ట్జ్‌లలో ఉంటుంది కనుక మామూలు మీటరు దాన్ని సరిగా కొలవలేదు. పైగా లోడు, అంటే దానికి కలిపిన లైట్లు, లేకపోతే చాలా మోడళ్లు సరిగా పనిచేయడమే మొదలుపెట్టవు. బాగుందని తెలిసిన హాలోజన్ లైటు ఒకటి తెచ్చి, పొట్టి వైర్లతో నేరుగా అవుట్‌పుట్ టెర్మినళ్లకు కలిపి చూడండి. నిండుగా వెలిగితే ట్రాన్స్‌ఫార్మర్ పనిచేస్తున్నట్టే.

ఇనుప కోరు ఉన్న బరువైన పాత రకానికైతే మీటరు బాగా పనికొస్తుంది. ఎంసీబీ ఆపి, రెండు వైపులా వైర్లు విప్పి ఓమ్స్‌లో చూస్తే, సెకండరీ (లైట్ల వైపు కాయిల్) ఒక ఓము కంటే తక్కువే ఉంటుంది, ప్రైమరీ (ఇంటి కరెంటు వైపు కాయిల్) దానికంటే చాలా ఎక్కువ చూపాలి. ప్రైమరీ అసలేమీ చూపకపోతే కాయిల్ అయినా, అతిగా వేడెక్కితే తెగే లోపలి థర్మల్ ఫ్యూజ్ అయినా తెగినట్టు. వైండింగుకూ (కాయిల్‌కూ) ఇనుప కోరుకూ మధ్య కంటిన్యుటీ, అంటే కరెంటు పారే దారి, ఉన్నట్టు వస్తే మాత్రం దానికి మళ్లీ కరెంటు ఇవ్వవద్దు, అది ప్రాణాల మీదికి తెస్తుంది.

ఉప్పల్ సైట్ సూపర్‌వైజర్:
ఆరి, చల్లబడ్డాక వెలగడం ఓవర్‌హీట్ కటాఫ్ (ట్రాన్స్‌ఫార్మర్ అతిగా వేడెక్కితే దానంతటదే ఆగిపోయే ఏర్పాటు) లక్షణం. నాలుగూ కలిసి ఆరుతున్నాయంటే లైట్లను అనుమానించనక్కరలేదు. పై అంతస్తు ఫ్లాటు అయితే ఎండాకాలంలో స్లాబుకూ జిప్సం బోర్డుకూ మధ్య గాలి ఆడక ఇంకా కాగిపోతుంది. లేబుల్ మీద ఎన్ని వాట్లని ఉంది?

మియాపూర్ నివాసి:
150 అని ఉందండీ. అవుట్‌పుట్ దగ్గరి ప్లాస్టిక్ కనెక్టరు ఒక మూల గోధుమరంగుకు తిరిగి మెత్తబడింది, లోపలి రాగి నల్లబడింది.

రాణిగంజ్ వైండింగ్ మేస్త్రీ:
150 మీద 200 వాట్లు వేశారన్నమాట. 12 వోల్టుల దగ్గర 200 వాట్లంటే దాదాపు 17 ఆంపియర్లు, స్క్రూ కాస్త వదులైనా కనెక్టరు కాలుతుంది. నల్లబడిన రాగిని కత్తిరించి, కొత్త తీగ తేలేదాకా ఒలిచి, పింగాణీ కనెక్టరు వేయండి. రెండు లైట్లకొక ట్రాన్స్‌ఫార్మర్ చొప్పున విడగొట్టండి.

నాగోల్ గృహిణి:
మా ఇంట్లో అలా విడగొట్టకుండా 5 వాట్ల ఎల్‌ఈడీలు మార్చి పెట్టించాము, అవి మిణుకుమిణుకుమనడం మొదలుపెట్టాయి. ట్రాన్స్‌ఫార్మర్‌కు కనీసం 20 వాట్ల లోడు కావాలని లేబుల్ మీదే రాసి ఉంది. చివరికి ట్రూప్‌బజార్‌లో 12 వోల్టుల డీసీ డ్రైవరు కొని వేయించాము, ఇప్పుడు నిలకడగా వెలుగుతున్నాయి. కొనేటప్పుడు లైటు మీద కూడా 12 వోల్టులని ఉందో లేదో చూసుకోండి. వోల్టేజీని కాక కరెంటును స్థిరంగా ఉంచే కాన్‌స్టంట్ కరెంట్ డ్రైవరు వీటికి పనికిరాదు.