డీటీపీ షాపులో పాత విండోస్ 7: లోడర్ వేస్తే తప్పేంటి?

పేజ్‌మేకర్ పాతకాపు:
పేజీలు దిద్దే పేజ్‌మేకర్ సాఫ్ట్‌వేర్, తెలుగు అనూ ఫాంట్ల కోసమే విండోస్ 7 ఉంచుకున్న డీటీపీ షాపులు బోలెడు. 2020 జనవరి 14నే మైక్రోసాఫ్ట్ దానికి సపోర్టు ఆపేసింది. ఆ మెషిన్‌కి నెట్ ఉండదు. లైసెన్స్ లేకున్నా ఉన్నట్టు విండోస్‌ని నమ్మించే లోడర్ అనే క్రాక్ వేసుకుంటే ఎవరి సొమ్ము పోయింది?

బూట్‌సెక్టార్:
అది చేసే పని చూడండి సార్. బ్రాండెడ్ మెషిన్ బయోస్‌లో (ఆన్ చేయగానే ముందు నడిచే ప్రోగ్రామ్‌లో) కంపెనీ పెట్టిన లైసెన్స్ గుర్తు, స్లిక్ టేబుల్, ఉంటుంది. విండోస్ దాన్నీ, ఓఈఎం (మెషిన్ తయారీ కంపెనీ) సర్టిఫికెట్‌నీ, కీనీ సరిచూసుకుని నెట్ లేకుండానే యాక్టివేట్ అవుతుంది. లోడర్ విండోస్ కంటే ముందే లేచి అలాంటి దొంగ టేబుల్ ఒకటి మెమరీలో పెడుతుంది. అందుకోసం బూట్ కోడ్‌నే మారుస్తుంది. అక్కడ తేడా కొడితే మెషిన్ లేవదు. ఎంబీఆర్ (పాత రకం బూట్ పద్ధతి) డిస్క్ అయితే ఇన్‌స్టాలేషన్ డీవీడీతో రిపేర్‌లోకి వెళ్లి బూట్‌రెక్ /ఫిక్స్‌ఎంబీఆర్, ఆపైన బూట్‌రెక్ /ఫిక్స్‌బూట్ కొట్టాలి. రేపు పెళ్లి కార్డుల డెలివరీ ఉన్న రోజే ఈ పని పడుతుంది.

నైజాం నెట్‌వర్కర్:
లోడర్ వద్దని కేఎంఎస్ టూల్ పట్టుకునేవాళ్లూ ఉన్నారు. కేఎంఎస్ అంటే సంస్థలు తమ సర్వర్‌తోనే విండోస్‌ని యాక్టివేట్ చేసుకునే పద్ధతి; ఈ టూల్ ఆ సర్వర్‌లా నటిస్తుంది. విండోస్ 7లో కేఎంఎస్ ప్రొఫెషనల్, ఎంటర్‌ప్రైజ్‌లకే; హోమ్, అల్టిమేట్‌లకు పనికిరాదు. ఆ యాక్టివేషన్ గడువు 180 రోజులే. అందుకే దాన్ని పొడిగిస్తూ టూల్ అడ్మిన్ హక్కులతో వెనకాల నడుస్తూనే ఉంటుంది. పైగా యాంటీవైరస్ ఆపమంటుంది. 2021లో కేఎంఎస్‌పికో పేరుతో తిరిగిన ఇన్‌స్టాలర్లలో క్రిప్ట్‌బాట్ దొరికింది, బ్రౌజర్ పాస్‌వర్డులు కాజేసే రకం.

పేజ్‌మేకర్ పాతకాపు:
నెట్టే లేదన్నాను కదండీ!

నైజాం నెట్‌వర్కర్:
కస్టమర్ల పెన్‌డ్రైవ్‌లు రావా? ప్రింటర్ షేరింగ్‌కి లాన్ లేదా? 2017 మే నెలలో ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వానాక్రై పాకింది ఎస్‌ఎంబీ (ఫైళ్లు, ప్రింటర్ల షేరింగ్ నడిపేది) లోపం గుండానే. ఆంధ్రప్రదేశ్ పోలీసుల కంప్యూటర్లకూ తగిలింది. ప్యాచ్ ఆ మార్చిలోనే వచ్చేసింది. క్రాక్ వేసినవాళ్లు చాలామంది దొంగ యాక్టివేషన్‌ని పసిగట్టే అప్‌డేట్ కేబీ971033 వచ్చి పట్టేస్తుందని అప్‌డేట్లు మొత్తం కట్టేసుకుంటారు. అలాంటి మెషిన్‌లోకి ఆ ప్యాచ్ ఎలా వస్తుంది?

బూట్‌సెక్టార్:
అసలు యాక్టివేట్ కాకపోతే ఏమవుతుందట? 30 రోజుల గ్రేస్ అయ్యాక వెనక తెర నల్లబడుతుంది, అసలుది కాదని నోటీసు వస్తుంటుంది. పేజ్‌మేకర్ మాత్రం తెరుచుకుంటుంది. అలాగని లైసెన్స్ ఉన్నట్టు కాదు. ముందు క్యాబినెట్ పక్కన స్టిక్కర్ చూడండి, 25 అక్షరాల కీ ఉండొచ్చు. బ్రాండెడ్ అయితే ఆ కంపెనీ రికవరీ డిస్క్‌తో మళ్లీ వేస్తే తనంతట తనే యాక్టివేట్ అవుతుంది.

పేజ్‌మేకర్ పాతకాపు:
మాది అసెంబుల్డ్. స్టిక్కరూ లేదు, డిస్కూ లేదు.

నైజాం నెట్‌వర్కర్:
అయితే లైసెన్స్ ఉన్న కొత్త మెషిన్ కొనాల్సిందే. ఈలోగా లాన్ వైరు పీకి, ప్రింటర్‌ని యూఎస్‌బీతో నేరుగా కలపండి. పెన్‌డ్రైవ్ పెట్టగానే అందులోది తనంతట తనే నడిచే ఆటోరన్ ఆపండి. పెన్‌డ్రైవ్‌లు ముందు వేరే మెషిన్‌లో స్కాన్ చేయండి. లోడర్ ఇప్పటికే వేసి ఉంటే, తీసేముందు జాబ్ ఫైళ్లు, ఫాంట్ ఫోల్డర్ బయటి డ్రైవ్‌కి కాపీ కొట్టుకోండి.