మెడ మీద ఉబ్బింది నరమేనా? నాన్నగారిని ఎవరికి చూపించాలి?

పెద్దమ్మాయి, కాకినాడ:
నమస్కారమండీ. మా నాన్నగారికి 64 ఏళ్లు. షుగరు, బీపీ పదేళ్ల నుంచీ ఉన్నాయి. కుర్చీలో కూర్చుని పేపరు చదువుకుంటున్నప్పుడు కూడా మెడకి కుడి పక్క, చెవి కింద నుంచి ఒక నరం తాడులా ఉబ్బి కనిపిస్తోంది. చూడబట్టి నెల అయింది. నొప్పి లేదంటారు. సాయంత్రానికి పాదాలు వాచి చెప్పుల పట్టీ అచ్చు పడుతోంది. ఇదివరకు ఒక్క తలగడ సరిపోయేది, ఇప్పుడు రెండు అడుగుతున్నారు. మెడ నరం పట్టేసింది, నూనె రాసి తోమమని వీధిలో అందరూ అంటున్నారు. నరాల డాక్టరు అపాయింట్‌మెంట్ వచ్చే నెల 12న దొరికింది. అంతవరకూ ఏం చేయమంటారు?

కొబ్బరితోట:
మా అత్తగారికి మెడ పట్టేస్తే వేడినీళ్ల కాపడం పెట్టాం, రెండు రోజుల్లో తగ్గింది. ముందు అది చేసి చూడండి అక్కా.

జనరల్ మెడిసిన్, వరంగల్:
అమ్మా, 12 దాకా ఆగొద్దు. నూనె వద్దు, కాపడం వద్దు, మెడ తోమనే వద్దు. మీరు నరం అంటున్న ఆ సిర పక్కనే మెదడుకి రక్తం తీసుకెళ్లే కెరోటిడ్ ధమని ఉంటుంది. పెద్ద వయసువారికి అక్కడ గట్టిగా నొక్కితే గుండె వేగం ఒక్కసారిగా పడిపోయి కళ్లు తిరగొచ్చు. రేపో ఎల్లుండో గుండె డాక్టరుకి గానీ, దగ్గర్లో ఉన్న జనరల్ మెడిసిన్ డాక్టరుకి గానీ చూపించండి. ఈలోపు కూర్చున్నా ఆయాసం ఆగకపోయినా, గుండెలో నొప్పి వచ్చినా, రాత్రి ఊపిరాడక లేచి కూర్చున్నా 108కి ఫోన్ చేయండి.

ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, మన భాషలో అన్నీ నరాలే. సెలైన్ ఎక్కించేదీ నరమే, కాలు తిమ్మిరెక్కితే నొక్కుకుపోయిందనేదీ నరమే. ఆ ఒక్క మాట వల్ల గుండె దగ్గరికి వెళ్లాల్సినవాళ్లు నరాల డాక్టరు గుమ్మంలో వారాల తరబడి కూర్చోవడం నా సర్వీసంతా చూశాను. చర్మం కింద తాడులా ఉబ్బి కనిపించేది నరం కాదు, సిర. తల నుంచి రక్తాన్ని గుండెకి దించే గొట్టం. మెడలో వీటిని జుగులర్ సిరలంటారు.

పక్కకి రెండు ముఖ్యమైనవి. లోపలిది పెద్దది. పుర్రె అడుగున ఉన్న ఒక రంధ్రం దగ్గర మొదలై, మెదడు వాడుకున్న రక్తంలో ఎక్కువ భాగాన్ని దించుతుంది. కెరోటిడ్ ధమని, వేగస్ నరం, ఈ సిర మూడూ ఒకే పొరలో చుట్టుకుని కిందికి వస్తాయి. అక్కడ నిజంగా నరం ఉంది గానీ అది కంటికి కనిపించదు. బయటిది చిన్నది. చెవి కింద, దవడ మూల దగ్గర పుట్టి, మెడ పక్క కండరం మీదుగా ఏటవాలుగా దిగి, కాలర్ ఎముక పైన లోపలికి వెళుతుంది. మీకు కనిపిస్తున్నది బహుశా ఇదే. గొంతు ముందు భాగంలో ఇంకో సన్నటి జత కూడా ఉంటుంది, దాంతో మనకిప్పుడు పని లేదు.

కుడివైపు లోపలి సిర దాదాపు నిట్టనిలువుగా గుండె కుడి పై గదిలోకి దిగుతుంది. కింది చివర ఒక కవాటం ఉంటుంది గానీ, గుండెలో ఒత్తిడి పెరిగి అలాగే నిలిచిపోతే దాన్ని ఆపే శక్తి దానికి లేదు. మీది కాకినాడ కాబట్టి ఇలా చెబుతాను. సముద్రం పోటు మీద ఉన్నప్పుడు మురుగు కాలువ నీరు లోపలికి దిగక వెనక్కి తన్ని గట్లదాకా నిండుతుంది కదా? గుండె కుడివైపు రక్తాన్ని లాక్కోలేకపోతే మెడ సిరలు అలాగే నిండుతాయి. అదే వెనకపోటు కాళ్లలో నీరుగా కనిపిస్తుంది.

పడుకున్నప్పుడు ఎవరికైనా ఈ సిర కొంచెం ఉబ్బుతుంది, అది మామూలే. కూర్చుంటే కిందికి దిగిపోవాలి. మేం రోగిని సుమారు 45 డిగ్రీల వాలులో పడుకోబెట్టి, తల కొంచెం ఎడమకి తిప్పించి కుడి మెడ చూస్తాం. గొంతు గుంట నుంచి వేలు కిందికి జరిపితే ఛాతీ ఎముక మీద అడ్డంగా ఒక గట్టు తగులుతుంది. సిరలో అదురు ఆ గట్టుకి నిలువునా 3 సెంటీమీటర్లకి మించి కనిపిస్తే ఒత్తిడి పెరిగినట్టు లెక్క. గుండె కుడి పై గది ఆ గట్టుకి సుమారు 5 సెంటీమీటర్లు కింద ఉంటుందని ఆ 5 కలుపుకుంటాం. థామస్ లూయిస్ అనే బ్రిటన్ వైద్యుడు 1930లో చెప్పిన పద్ధతి. యంత్రం అక్కర్లేదు, ఒక స్కేలూ మంచి వెలుతురూ చాలు. ఎకో (గుండె స్కాన్) ఉంది కదా అని ఇప్పటి పిల్లలు మెడ చూడటం మానేస్తుంటే నాకు బాధగా ఉంటుంది.

ఒక్క జాగ్రత్త. బయటి సిర కాలర్ ఎముక దగ్గర లోపలికి దిగేచోట నొక్కుకుపోయి, గుండె బాగున్నా ఉబ్బొచ్చు. అందుకే మేం లోపలి సిర అదురునే నమ్ముతాం. ధమని అదురు వేలికి తగులుతుంది. సిర తగలదు, కంటికి మాత్రం ఒక్కో గుండె చప్పుడుకి రెండుసార్లు మెల్లగా అల్లాడుతుంది, గాలి పీలిస్తే కిందికి దిగుతుంది. నాన్నగారికి మెడతో పాటు కాళ్ల వాపు, పడుకుంటే ఆయాసమని చెప్పే రెండో తలగడ కూడా ఉన్నాయి కాబట్టే తొందరపెడుతున్నాను. కారణం గుండె కావచ్చు, కిడ్నీ కావచ్చు, ఏళ్ల తరబడి పొగతాగి పాడైన ఊపిరితిత్తులు కావచ్చు. అది చూసినవారు తేల్చాలి. ఒంట్లో నీరు తీసే మాత్రలు సొంతంగా మాత్రం మొదలుపెట్టకండి.

కొబ్బరితోట:
తెలియక చెప్పాను అక్కా, ఏమీ అనుకోకండి. రేపే తీసుకెళ్లండి.

సన్నాయి ఇల్లు, తెనాలి:
డాక్టరుగారూ, మా నాన్న నాదస్వరం వాయిస్తారు. పైస్థాయికి వెళ్లినప్పుడు మెడ రెండు పక్కలా ఉబ్బిపోతుంది. ఇది చదివాక భయం వేసింది.

జనరల్ మెడిసిన్, వరంగల్:
భయం వద్దు బాబూ. ఊపిరి బిగబట్టి ఊదేటప్పుడు ఛాతీలో ఒత్తిడి పెరిగి రక్తం దిగడానికి దారి ఇరుకవుతుంది. ఊపిరి వదలగానే సిర చదునైపోతే అది మామూలు. బస్తా ఎత్తేవారికీ, ఏడ్చే పసివాళ్లకీ అంతే. ఒకే పక్క ఉండి తగ్గకపోయినా, పొద్దున లేచేసరికి ముఖం, చేతులు కూడా ఉబ్బుతున్నా చూపించాలి.

పాడి రైతు, ఉయ్యూరు:
గేదెకి ఈనాక పాలజ్వరం వస్తే మెడ మీద బొటనవేలితో నొక్కిపట్టి, ఉబ్బిన నరానికే కాల్షియం ఎక్కిస్తారు కదా. అదీ ఇదీ ఒకటేనా అండీ?

జనరల్ మెడిసిన్, వరంగల్:
ఒకటే జాతి అన్నా. పశువుల్లో బయటి జుగులర్ సిరే పెద్దది, మనుషుల్లో లోపలిది పెద్దది, అంతే తేడా. మీరు చెప్పిన బొటనవేలు చాలా మంచి ఉదాహరణ. కింద వేలు అడ్డం పెడితే గుండెకి దిగాల్సిన రక్తం ఆగి పైన సిర ఉబ్బుతుంది. పెద్దమ్మాయిగారి నాన్నగారి మెడలో ఆ వేలు చేసే పని లోపల జబ్బు చేస్తోందని నా అనుమానం.

డయాలిసిస్ ఇంటావిడ, ఖమ్మం:
మా ఆయనకి కుడి మెడలో డయాలిసిస్ గొట్టం వేశారు. చేతికి వేయకుండా మెడకెందుకు? ఇంట్లో ఏం చూసుకోవాలి?

డయాలిసిస్ సిస్టర్:
అక్కా, నేను ఈ పనిలో 11 ఏళ్ల నుంచీ ఉన్నాను. డయాలిసిస్‌కి నిమిషానికి 200, 300 మిల్లీలీటర్ల రక్తం బయటికి రావాలి, చేతి మీద సన్నటి సిర అంత ఇవ్వలేదు. కుడి మెడ సిర వెడల్పు, దారి తిన్నన. కాలర్ ఎముక కింది సిరలో వేస్తే అది తర్వాత ఇరుకైపోయి ఆ చేతికి ఫిస్టులా, అంటే డయాలిసిస్ కోసం ధమనినీ సిరనీ కలిపి కుట్టేది, పనికిరాకుండా పోవచ్చు, అందుకే మెడ. ఫిస్టులా ఆపరేషన్ అయినా అది వాడుకకి రావడానికి వారాలు పడుతుంది, అప్పటిదాకా ఈ గొట్టమే ఆధారం.

కట్టు తడవనివ్వకండి, మెడ కింద నుంచే స్నానం. మూతలు, క్లాంపులు ఇంట్లో ఎవరూ ముట్టుకోకూడదు. తెరుచుకుంటే రక్తం పోవడమే కాదు, గాలి లోపలికి పోతుంది, అది ప్రాణం మీదికి తెస్తుంది. ఊళ్లో ఎవరైనా ఇంజెక్షన్ దాంట్లోంచి ఇస్తామంటే ఒప్పుకోవద్దు. చలి, వణుకు, జ్వరం వస్తే మర్నాటి దాకా చూడకుండా అదే రోజు రండి. గొట్టం ఊడి వస్తే పడుకోబెట్టి, శుభ్రమైన గుడ్డతో ఆ చోట గట్టిగా అదిమిపట్టి, వెంటనే ఆసుపత్రికి.

పెద్దమ్మాయి, కాకినాడ:
అందరికీ దండాలండీ. మర్నాడే తీసుకెళ్లాం. ఎకోలో గుండె పంపింగ్ తగ్గి 35 శాతమే ఉందన్నారు. ఎడమవైపు బలహీనమై ఊపిరితిత్తుల్లో వెనకపోటు పెరిగి, అది కుడివైపుకి పాకిందట. మూడు రోజులు ఉంచుకుని ఇంజెక్షన్లతో నీరు తీశారు. బరువు 71 నుంచి 67కి వచ్చింది. ఇంట్లో ఏం గమనించాలి డాక్టరుగారూ?

జనరల్ మెడిసిన్, వరంగల్:
సమయానికి తీసుకెళ్లావమ్మా. రోజూ పొద్దున్నే బాత్రూముకి వెళ్లొచ్చాక, కాఫీకి ముందు, ఒకే కాటా మీద బరువు చూసి రాయించు. మూడు రోజుల్లో 2 కిలోలు పెరిగితే వాపు కనిపించకపోయినా డాక్టరుకి ఫోన్ చేయాలి. ఉప్పు మొత్తం రోజుకి 5 గ్రాములు దాటకూడదు, అంటే చెంచాడు లోపే. ఆవకాయ, అప్పడం, ఎండుచేప కూడా ఆ లెక్కలోవే. మాత్రలు బాగుందని ఆపొద్దు.

పెద్దమ్మాయి, కాకినాడ:
కాటా కొన్నాం. ఈ రోజు 66.8. ఒక్క తలగడ మీద పడుకున్నారు, కూర్చుంటే ఆ సిర కనబడటం లేదు. నరాల డాక్టరు అపాయింట్‌మెంట్ రద్దు చేశాను.