అప్‌డేట్: ఒకే చోట ఉన్న రెండు లోకాల మధ్య ప్రయాణం, గోడ చిక్కు తీరింది

నా కథలో రెండు లోకాలు ఒకదానిమీద ఒకటి పరుచుకుని ఉంటాయి. రెండింట్లోనూ ఒకే చప్పుడు ఒకేసారి వినబడే చోట అడుగేస్తే అవతలికి వెళ్లొచ్చు. అవతల అదే చోట గోడ ఉంటే ఏమవుతుందని ఇంతకుముందు అడిగాను కదా. జవాబిచ్చిన అందరికీ థాంక్స్.

పనికొచ్చింది అదలాబదలీ సలహా: మనిషి పట్టేంత చోటు అటుదిటు, ఇటుదటు మారిపోతుంది. ఖాళీ జాగా అయితే ఇటు వచ్చేది 80 గ్రాములకు అటూఇటూగా గాలి, అంతే. గోడైతే మాత్రం మనిషి ఆకారంలో ఇటుకల ముద్ద ఇటు దభీమని పడుతుంది. వెళ్లినవాడు ఆ బొరియలో బిగుసుకుపోతాడు, ఊపిరికి ఛాతీ పొంగే సందు కూడా ఉండదు. పైకప్పు మోసే స్తంభమైతే ఇక చెప్పక్కర్లేదు. నాకు కావాల్సిన ప్రమాదం సరిగ్గా ఇదే.

భూమి సూర్యుడి చుట్టూ సెకనుకు దాదాపు 30 కిలోమీటర్లు పరిగెడుతుంది కాబట్టి దాటేలోపు అది ముందుకెళ్లిపోయి మనిషి శూన్యంలో తేలతాడేమోనన్న భయం కూడా అక్కర్లేకపోయింది. రెండు భూములూ కలిసే కదులుతున్నాయి. 1957లో భౌతిక శాస్త్రవేత్త హ్యూ ఎవరెట్ ప్రతిపాదన నుంచి వచ్చిన బహుళ ప్రపంచాల వాదాన్నీ (జరగగల ప్రతి ఫలితం ఒక్కో ప్రపంచ శాఖలో జరుగుతుందనేది) పక్కన పెట్టేశాను. అందులో విడిపోయిన శాఖల మధ్య రాకపోకలు కుదరవు, నా కథకేమో అవే ప్రాణం.

తిరిగొచ్చేటప్పుడు ఆ ఇటుకల ముద్ద వెనక్కి వెళ్లి గోడ పూడుతుందా అన్నది ఇంకా రాయలేదు.