కాలనీని అడగకుండా వైన్స్ పెట్టొచ్చా?

గల్లీమొదలు:
మా గల్లీ మొదట్లో ఖాళీ మడిగెకు రంగులేస్తుంటే టిఫిన్ సెంటర్ వస్తుందని సంబరపడ్డాం. రాత్రికి రాత్రి ఇనుప గ్రిల్ బిగించి, రెండు ఫ్రిజ్‌లు దించారు. తెల్లారితే వైన్స్ బోర్డు! కూర్చుని తాగే పర్మిట్ రూమ్ తలుపు సరిగ్గా మా పిల్లలు స్కూల్ బస్సెక్కే చోటికి. సంతకాలు పెట్టించి ఎక్సైజ్ ఆఫీసుకు పోతే "లైసెన్సుల డ్రా అయిపోయింది, ఇప్పుడొచ్చి ఏం లాభం" అన్నారు. డ్రాకు ముందు మాకెవరు చెప్పారు?

పాతగుమాస్తా:
చెప్పాలని రూల్‌లో ఉంటే కదా. గుడి, బడి, ఆస్పత్రికి 100 మీటర్ల దూరం చూస్తారు, అంతే. ఆస్పత్రికైతే 30 పడకలుండాలి. కొలిచేది కాకి ఎగిరిన దారిన కాదు, మనిషి నడిచే దారిన. జనం ఒప్పుకున్నారా అన్న గడి లైసెన్సు ఫారంలోనే లేదు.

గల్లీమొదలు:
అదే మా కర్మ. వేపచెట్టు కింద పోచమ్మ ఉంది, బోనాలకు వీధి పట్టదు. రికార్డులో లేదు కాబట్టి గుడి కాదట. బడి గేటు ఎదురుగా కనపడుతూనే ఉంటుంది, డివైడర్ చుట్టూ టేపు తిప్పితే 118 మీటర్లొచ్చింది.

సీమకుర్రోడు:
అన్నా, కోపం తెచ్చుకోవద్దు. తెలంగాణలో 2,620 షాపులు. ఒక్కో దరఖాస్తుకు 3 లక్షలు, డ్రాలో రాకపోతే తిరిగి రావు. అంత పెట్టినోడిని జనం ఒప్పుకుంటేనే తెరువంటే ఒక్కటీ తెరవడు. ఏ కాలనీ రమ్మంటుంది చెప్పు? చివరికి అది పోయేది వెనక బస్తీకి. అక్కడ సంతకాలు పెట్టించే అసోసియేషన్ ఉండదు, వాట్సాప్ గ్రూపూ ఉండదు.

పాతగుమాస్తా:
డబ్బు కట్టాడు కాబట్టి హక్కొచ్చింది అనకు. మద్యం అమ్ముకోవడం ప్రాథమిక హక్కు కాదని సుప్రీంకోర్టు 1994లోనే ఖోడే డిస్టిలరీస్ కేసులో తేల్చేసింది. బస్తీ మాట మాత్రం నిజం, దానికి నా దగ్గర జవాబు లేదు.

పెన్నఒడ్డు:
మా నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు 1992లో ఎవరి అనుమతి అడిగారు? జిల్లాలో సారా వేలంపాటలే జరగనివ్వలేదు. 1993లో సారా పోయింది, 1995లో మొత్తం మద్యమే బందైంది. రెండేళ్లకే మళ్లీ తెరిచారు, అది వేరే ఏడుపు. అప్పట్లో అడ్డుకోవడానికి పాట జరిగే చోటన్నా ఉండేది. ఇప్పుడు డ్రాలో వచ్చేది షాపు నంబరు. మడిగె ఎక్కడో గెలిచాక వెతుక్కుంటాడు. డ్రా రోజున మీ గల్లీ పేరు వాడికీ తెలిసుండదు!

సోలాపూర్‌మగ్గం:
మా మహారాష్ట్రలో ఓటు ఉంది, 2008 నుంచి. వార్డులో పావు వంతు మహిళా ఓటర్లు సంతకం పెడితే రహస్య ఓటింగ్ పెడతారు. గుర్తులు నిలబెట్టిన సీసా అంటే షాపు ఉండాలని, పడుకోబెట్టిన సీసా అంటే మూయాలని. తిరకాసేంటంటే, పోలైన ఓట్లలో సగం చాలవు, జాబితాలో ఉన్న మొత్తం ఆడవాళ్లలో సగానికి మించి పడుకోబెట్టాలి. పనికెళ్లి ఓటు వేయలేకపోయిన ఆమె కూడా షాపు కావాలన్నట్టే లెక్క.

సీమకుర్రోడు:
ఇది నయం, సంతకాలు సేకరించే పెద్దమనుషుల చేతిలో ఉండదు. అయినా షాపు తెరిచాక మూయించడమే కదా. మడిగె ఖాయం చేసే ముందు పదిహేను రోజులు షట్టర్‌కు నోటీసు అంటించి, బస్తీని కూడా పిలిచి వింటే నాకూ అభ్యంతరం లేదు. వద్దనే అధికారం వేరు, వినమనే హక్కు వేరు.

గల్లీమొదలు:
నీ మాట మీద కోపంతోనే నిన్న వెనక బస్తీకి పోయిన. అక్కడొక పెద్దమ్మ మా అర్జీ చదివించుకుని ఒక్కటే అడిగింది: "ఎత్తేయమని రాసిన్రా, జరపమని రాసిన్రా బిడ్డా?" మేం రాసింది "వేరే చోటికి మార్చాలి" అని. సోమవారం ప్రజావాణికి ఇచ్చే కాగితం మళ్లీ రాస్తున్నాం, ఈసారి ఆమె వేలిముద్ర ముందు.